బాలింత చేతి కాగితంలో ఏం జరిగిందో రాయండి

సంపాదకులకు నమస్కారం.

నేను హైదరాబాద్‌లో మెడికల్ కోడర్‌ని. తొమ్మిదేళ్లుగా అమెరికా ఆసుపత్రుల కాన్పు కేసులు చూస్తున్నాను. డాక్టరు రాసిన చార్టు చదివి ప్రతి సమస్యకూ దాని కోడ్ వేయడం నా పని. గర్భం, కాన్పు, బాలింత దశలకు సంబంధించిన కోడ్లు 'ఓ' అనే ఇంగ్లిష్ అక్షరంతో మొదలవుతాయి. కొత్తగా చేరిన పిల్లలు దాన్ని సున్నా అనుకుంటారు, మొదటి వారమంతా అదే దిద్దుతుంటాం. ఏ ఇబ్బందీ లేని నార్మల్ కాన్పుకు ఓ80. మాయ బయటికి రాక రక్తస్రావమైతే ఓ72.0. మాయ పడ్డాక గర్భసంచి ముడుచుకోక రక్తం పోతే ఓ72.1. బీపీ పెరిగే ప్రీఎక్లాంప్సియాకు ఓ14, అది ముదిరి ఫిట్స్ వస్తే ఓ15.

మా పనిలో ఒక నియమం చాలా గట్టిది. డాక్టరు రాయనిది మేం ఊహించకూడదు. ల్యాబ్ రిపోర్టులో హిమోగ్లోబిన్ ఆరు ఉన్నా, నర్సు నోట్సులో రెండు ప్యాకెట్ల రక్తం ఎక్కించినట్టు ఉన్నా, డాక్టరు 'రక్తస్రావం' అని రాయకపోతే ఆ కోడ్ వేయలేం. డాక్టరుకు క్వెరీ, అంటే వివరణ అడిగే ప్రశ్న, పంపుతాం. ఆయన జవాబు రాసేవరకు ఆ ఫైలు ఆగుతుంది. అక్కడ బీమా డబ్బు కోడ్‌ను బట్టే వస్తుంది కాబట్టి రాస్తారు, నిజమే. కానీ అలా రాసిన మాట ఆ తల్లికి జీవితాంతం పనికొస్తుంది.

ఇక మా చెల్లెలి సంగతి. ఐదేళ్ల కిందట మా ఊరికి దగ్గర్లోని పట్నంలో ఒక ప్రైవేటు నర్సింగ్ హోంలో తనకు మొదటి కాన్పు, సిజేరియన్. సాయంత్రం ఆపరేషన్ అయింది, రాత్రికి రక్తం ఆగలేదు. మా తమ్ముడూ వాడి స్నేహితులూ పరుగున వచ్చి రక్తమిచ్చారు. నాలుగు ప్యాకెట్లు ఎక్కించారు. రెండు రోజులు ఐసీయూ బయట అమ్మ నీళ్లు కూడా ముట్టలేదు. ఏడో రోజున డిశ్చార్జి. కాగితం ఆటోలోనే చదివాను. ఆపరేషన్ తేదీ, బాబు బరువు, మాత్రల జాబితా, 'తల్లీబిడ్డ క్షేమం'. రక్తస్రావం గురించి ఒక్క మాట లేదు. ఆటో వెనక్కి తిప్పించి కౌంటర్లో అడిగితే, "అదంతా తగ్గిపోయింది కదమ్మా, ఇంకెందుకు" అన్నారు. చెల్లి నిలబడలేకపోతోంది, పిల్లాడు ఏడుస్తున్నాడు. నేనూ ఊరుకున్నాను. ఈ పని తెలిసిన దాన్నయి ఉండి ఊరుకున్నానని ఇప్పటికీ బాధగా ఉంటుంది.

పోయినేడాది చెల్లి మళ్లీ గర్భవతి అయింది. ఈసారి చూసిన డాక్టరమ్మ మొదటి ప్రశ్నే, "అప్పుడు రక్తం ఎందుకు పోయింది? మాయ అతుక్కుందా, గర్భసంచి ముడుచుకోలేదా, కోత దగ్గర నుంచి కారిందా?" ఒక్కోదానికీ ఈసారి తీసుకోవాల్సిన జాగ్రత్త వేరు. మా దగ్గర జవాబు లేదు. పాత కేస్ షీట్ కోసం నర్సింగ్ హోంకు వెళ్తే లేదన్నారు. ఇన్‌పేషెంట్ రికార్డులు మూడేళ్లు దాచాలనీ, అడిగితే 72 గంటల్లో ఇవ్వాలనీ 2002 నాటి మెడికల్ కౌన్సిల్ నిబంధనలు చెబుతున్నాయి. చెల్లి మొదటి కాన్పు జరిగి అప్పటికే నాలుగేళ్లు దాటింది. అంటే ఆ తల్లి చేతిలో ఉన్న డిశ్చార్జి కాగితం తప్ప ఇంకెక్కడా ఆ రాత్రి గురించి ఏమీ మిగల్లేదు.

డాక్టరమ్మ అన్నిటికీ సిద్ధపడి, రక్తం ముందే తెప్పించి పెట్టుకుని కాన్పు చేశారు. పాప పుట్టింది, ఇద్దరూ బాగున్నారు. ఆ నెలలన్నీ ఇంటిల్లిపాదీ పడ్డ టెన్షన్ మాత్రం చెప్పలేను. ఈసారి కాగితంలో ఆమె 'గత కాన్పులో తీవ్ర రక్తస్రావం, నాలుగు ప్యాకెట్ల రక్తం, కారణం తెలియదు' అని రాశారు. ఆ చివరి రెండు మాటలు చదివి చెల్లి ఏడ్చింది.

గర్భిణులకు ఇచ్చే తల్లీబిడ్డల కార్డులో గత కాన్పు సమస్యలకు టిక్కు పెట్టే గడులున్నాయి. ఆశా కార్యకర్త అడుగుతుంది. కానీ ఆ తల్లి ఏం చూసి చెబుతుంది? తల్లి చనిపోతే మరణ ధ్రువీకరణ ఫారంలో గర్భం వల్లేనా, కాన్పు అయిందా అని అడుగుతారు. బతికి ఇంటికెళ్లిన తల్లి కాగితంలోనూ ఆ వివరం ఉండాలి. జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే 2019-21 ప్రకారం తెలంగాణలో 60.7 శాతం, ఆంధ్రప్రదేశ్‌లో 42.4 శాతం కాన్పులు సిజేరియన్లే. గర్భసంచి మీద కోత ఉన్న వాళ్లకు తర్వాతి కాన్పులో మాయ ఆ మచ్చ మీద అతుక్కునే ప్రమాదం ఎక్కువ. ఇంతమందికి పాత కథ తెలియకపోతే ఎలా?

రెండు ప్రభుత్వాలకూ నా విన్నపం ఒక్కటే. సర్కారు దవాఖానా అయినా, ప్రైవేటు అయినా, కాన్పు డిశ్చార్జి కాగితంలో ఏ సమస్య వచ్చింది, ఎందుకు వచ్చింది, ఎంత రక్తం పోయింది, ఏం చేశారు అన్నది కోడ్‌తో సహా రాయడం తప్పనిసరి చేయండి. కింద తెలుగులో రెండు వాక్యాలు కూడా ఉండాలి. కోడింగ్ తెలిసిన పిల్లలు ఈ నగరంలో వేలమంది ఉన్నారు. ఏ ఆసుపత్రి సిబ్బందైనా నేర్చుకుంటామంటే ఆదివారాలు వెళ్లి ఉచితంగా నేర్పడానికి నేను సిద్ధం.

- ఒక మెడికల్ కోడర్, ఉప్పల్, హైదరాబాద్