పూలక్క క్యూఆర్ కోడ్ సంగతి

వారాసిగూడ, హైదరాబాద్
శనివారం రాత్రి

ఒసేయ్ బుజ్జీ,

ఎంత తిట్టుకున్నావో నాకు తెలుసు. ఇంకా తిట్టుకో, కానీ చదవడం మాత్రం ఆపకు. నీ ఉత్తరం బీరువాలో చీరల మధ్య దాచుకుని, ఇవాళ రాస్తా రేపు రాస్తా అనుకుంటూనే శ్రావణం వెళ్లిపోయింది, చవితీ వెళ్లిపోయింది. క్షమించవే.

ఇక్కడ అందరం బాగున్నాం. బాబుకి జ్వరం తగ్గింది, మా ఆయన బదిలీ ఆగింది, అత్తయ్యగారి మోకాలు ఎప్పటిలాగే ఉంది. కబుర్లు అయిపోయాయి. ఇక అసలు సంగతి.

ఫోన్ చేసి చెప్పొచ్చుగా అంటావు. ఫోన్‌లో అయితే నువ్వు కూర తరుగుతూ "ఊఁ, తర్వాత?" అంటావు, మధ్యలో మీ పాప ఫోన్ లాక్కుంటుంది. దీన్ని అలా ముక్కలు ముక్కలుగా చెప్పడం నావల్ల కాదు. నాలుగైదు వారాలుగా కడుపులో పెట్టుకుని తిరుగుతున్నాను.

పూలక్క గుర్తుంది కదా? స్కందగిరి గుడికి వెళ్లే దారిలో, వేపచెట్టు కింద. మనం అమీర్‌పేట హాస్టల్లో ఉన్నప్పుడు ఆదివారాలు మా ఇంటికి వస్తే నీకు మూర కొలిచి, పైన ఇంకో నాలుగు వేళ్లు వేసి ఇచ్చేది. నువ్వు "అక్కా, నీ చెయ్యి పొడుగు, నా జడ పొట్టి" అన్నావు చూడు, ఆ రోజు నుంచి నీ పేరు ఖాయమైపోయింది. మొన్న కూడా అడిగింది, "పొట్టిజడ పిల్ల ఎట్లున్నది బిడ్డా?" అని. పుణెలో ఉందంటే, అక్కడ కనకాంబరాలు దొరుకుతాయా అని బెంగపడింది.

ఆవిడ బుట్ట పక్కన పోయినేడాది నుంచి స్పీకర్ డబ్బా ఉంది. అందులో ఎవరి గొంతో తెలుసా? నీ మహేష్ బాబు! 2024లో ఫోన్‌పే వాళ్లు తెలుగు స్పీకర్లకి ఆయన గొంతు పెట్టారు కదా, అదే. నలభై రూపాయల పూలు కొంటే నీ హీరో పూలక్కకి లెక్క అప్పజెబుతాడు. నువ్వు ఇక్కడే ఉంటే ఆ గొంతు కోసం రోజంతా పది పది రూపాయలు కొడుతూనే ఉండేదానివి. (వార్డెన్ తలుపు మీద పోస్టర్ సంగతి నేను ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు. చెప్పను కూడా.)

సరే విను. వరలక్ష్మీ వ్రతం శుక్రవారం పొద్దున వెళ్తే అక్కకి తలెత్తే తీరిక లేదు. డబ్బా మోగుతూనే ఉంది. అరవై, నూట ఇరవై, ఎనభై, మళ్లీ అరవై. మర్నాడు రాఖీ పౌర్ణమికీ అంతే. ఆ రెండు రోజులూ నాకే ఎంత సంతోషంగా ఉందో.

సోమవారం పూజకి పూల కోసం వెళ్లాను. బుట్టలో అడుగున ఇన్ని చామంతులు, అవి కూడా వాడిపోయినవి. అక్క మోకాళ్ల మీద చేతులు పెట్టుకుని కూర్చుంది. ఒంట్లో బాలేదా అక్కా అంటే, "పైసలు లేవు బిడ్డా, మార్కెట్‌కు పోలే" అంది. నాకు అర్థం కాలేదు. రెండు రోజుల్లో ఏడు వేలకి తక్కువ అమ్మి ఉండదు, నేను కళ్లారా చూశానే!

ఆ క్యూఆర్ కోడ్ కొడుకు పేరు మీద ఉంది. ఖాతా కొడుకుది, నంబరు కొడుకుది. ఎవరు స్కాన్ చేసినా తెర మీద కనిపించేది అతని పేరే. రోజూ రాత్రి అతను ఆ డబ్బు తీసి అక్కకి ఇస్తే, తెల్లవారుజామున నాలుగింటికి ఆవిడ గుడిమల్కాపూర్ పూల మార్కెట్‌కి వెళ్లి సరుకు తెచ్చుకుంటుంది. అతను మంచివాడే, ఫుడ్ డెలివరీ చేస్తాడు, తాగడు, తల్లిని ఒక్క మాట అనడు. కానీ అతని బండికి ఈఎంఐ ఉంది. అంతకుముందు నెల వాయిదా తప్పింది. పదో తారీకు ఆదివారం, ఆ వాయిదా, ఈ వాయిదా, పైన పెనాల్టీ, అన్నీ కలిపి ఒక్కసారే కోసేసుకున్నారు. ఆదివారమని కూడా ఆగలేదు. 2021 ఆగస్టు నుంచి సెలవు రోజుల్లోనూ ఇలా వాయిదాలు కట్ అవుతున్నాయి. అతను పడుకుని లేచేసరికి ఖాతాలో మిగిలింది నూట చిల్లర.

అక్క ఏమందో రాస్తున్నాను, మాట మార్చకుండా. "నా కొడుకు దొంగ కాదు బిడ్డా. గా మిషిన్‌కు ఎవరి పైసలో ఎర్కలేదు."

బుజ్జీ, ఆ మాట నన్ను ఆ రోజంతా పని చెయ్యనివ్వలేదు. నిజమే కదా. నోట్లు అయితే అక్క బొడ్లో సంచిలో ఉండేవి. అందులోంచి ఎవరికైనా కావాలంటే ఆవిడని అడగాలి. ఇప్పుడు ఆవిడే అడగాలి. పూలు తెచ్చేది ఆవిడ, కట్టేది ఆవిడ, ఎండలో కూర్చునేది ఆవిడ. డబ్బు వచ్చిందని వీధంతా వినపడేలా చెప్పే డబ్బా కూడా ఆవిడ పక్కనే. డబ్బు మాత్రం వేరే చోటికి. ఎవరూ కావాలని చేసింది కాదు. స్టిక్కర్ అంటించడానికి వచ్చిన అబ్బాయి స్మార్ట్‌ఫోన్ ఎవరికుందని అడిగాడు, కొడుకుకి ఉంది, అంతే.

మా అమ్మ పోపుల డబ్బా గుర్తొచ్చింది. 2016 నవంబరు 8 రాత్రి నోట్ల రద్దు అని టీవీలో చెప్పగానే అమ్మ ముఖం పాలిపోయింది. మర్నాడు మెంతుల కిందనుంచి, పాత పట్టుచీర మడతల్లోంచి అయిదు వందల నోట్లు ఒక్కొక్కటే బయటికొచ్చాయి. నాన్న పెద్దగా నవ్వి, "ఇంత సొమ్ము దాచావా!" అని అందరికీ చెప్పుకున్నాడు. అమ్మ నవ్వలేదు. ఆ డబ్బు నాన్న ఖాతాలో పడింది, ఇంటి రంగులకి పోయింది. నా కాలేజీ ఫీజు తక్కువైనప్పుడు ఎవరికీ తెలియకుండా కట్టింది ఆ డబ్బా లోంచే. ఆ తర్వాత అమ్మ మళ్లీ దాచుకుందో లేదో నేనెప్పుడూ... సరే, దాని గురించి ఇంకోసారి.

అక్కకి సొంత ఖాతా లేక కాదు. బస్తీలో పొదుపు సంఘంలో ఉంది, పాస్‌బుక్ ఉంది. కానీ దానికి ఉన్న నంబరు చనిపోయిన భర్తది. ఆ సిమ్ ఎప్పుడో ఆగిపోయింది, కంపెనీ ఆ నంబరు ఇంకెవరికో ఇచ్చేసింది. ఫోన్ చేస్తే ఎవరో కుర్రాడు ఎత్తాడు. అంటే అక్క ఖాతా ఓటీపీ వస్తే వెళ్లేది ఆ ముక్కూమొహం తెలియని పిల్లాడికి! నాకు ఒళ్లు జల్లుమంది.

సెలవు పెట్టి అక్కతో బ్యాంకుకి వెళ్లాను. బస్సులో ఇద్దరికీ జీరో టికెట్టే. 2023 డిసెంబరు 9 నుంచి ఆడవాళ్లకి ఉచితం కదా, అక్కకి ఆధార్ కార్డు చూపించడం బాగా అలవాటైంది. కౌంటర్ దగ్గర అబ్బాయి ఫారం చూసి, "కొడుకు నంబరే ఇచ్చెయ్యండమ్మా, సులువు" అన్నాడు. అక్క కళ్లు చిట్లించి, "ఎవరికి సులువు సారూ?" అంది. కొట్టినట్టు కాదు, నిజంగానే తెలుసుకోవాలని అడిగింది. అతను ఇంకేం మాట్లాడకుండా కొత్త నంబరు రాసుకున్నాడు. నీకు చూపించాలనిపించిందే ఆ ముఖం.

ఆధార్‌లో కూడా నంబరు మార్చాలి. ఫీజు కట్టాం, వరసలో కూర్చున్నాం. అక్కడ వేళ్లు పడలేదు. మిషిన్ మీద ఏ వేలు పెట్టినా ఎర్ర లైటే. ఆపరేటర్ అమ్మాయి ఓపిగ్గా అక్క చెయ్యి తన చేతిలోకి తీసుకుని, గుడ్డతో తుడిచి, మళ్లీ పెట్టించింది. అప్పుడు చూశానే ఆ వేళ్లని దగ్గర్నుంచి. ఇన్నేళ్లూ పూలే చూశాను. చూపుడువేలు కొసన దారం లాగీ లాగీ గీతలన్నీ చదునైపోయాయి, నున్నగా మెరుస్తోంది. బొటనవేలి పక్కన దారం కోసుకున్న చోట చిన్న గాడి. గోళ్ల సందుల్లో పూల పసరు నల్లగా ఇంకిపోయింది, ఎంత తోమినా పోదట. ఆ గీతలు ఉంటేనే ఆవిడ ఆవిడ అని మిషిన్ ఒప్పుకుంటుంది. కష్టపడి పనిచేస్తే అవి అరిగిపోతాయి. ఇది ఎవరితో చెప్పుకోవాలే?

చివరికి కంటిపాపలు తీసుకున్నారు. "కళ్లు పెద్దవి చెయ్యమ్మా" అంటే అక్క చేసి, తర్వాత నన్ను అడిగింది, "కండ్లైతే అరగవు గద బిడ్డా?" అని.

ఆ నంబర్లు ఎక్కడానికి చాలా రోజులు పట్టింది. ఈలోగా చవితి వచ్చేసింది, సరుక్కి డబ్బు లేక అక్క గిరిగిరి అప్పు తెచ్చింది. ఇచ్చేటప్పుడే వడ్డీ పట్టుకుని, రోజూ సాయంత్రం వచ్చి వసూలు చేసుకుపోతారు చూడు, అదే. చవితి లాభంలో సగం అటే పోయింది. నాకు ఇప్పటికీ కోపంగానే ఉంది.

పోయిన ఆదివారం మా ఇంట్లో కూర్చుని యూపీఐ పెట్టాం. అక్క మనవరాలు కూడా వచ్చింది, ఇంటర్ చదువుతోంది. ఈ పిల్ల గురించి చెప్పాలి నీకు. 2020 సెప్టెంబరు 1న స్కూళ్లకి టీవీ పాఠాలు మొదలైనప్పుడు వాళ్లింట్లో టీవీ లేదు. ఉన్న ఒక్క ఫోను తండ్రితో పాటు డెలివరీకి వెళ్లిపోయేది. రాత్రి అది ఇంటికొస్తే ముందు తమ్ముడికి. ఈ పిల్ల పక్కింటి గుమ్మంలో నిలబడి టీ-శాట్ ఛానెల్లో ఆ పాఠాలు చూసి నోట్సు రాసుకుంది. ఇప్పుడు బస్తీలో ఎవరి ఫోన్ ఆగినా ఈ పిల్ల దగ్గరికే వస్తారు.

డెబిట్ కార్డు లేకపోయినా ఆధార్ ఓటీపీతో పిన్ పెట్టుకోవచ్చు, అలాగే చేశాం. అక్కకి అక్షరాలు రావు. అంకెలు వచ్చు, బస్సు నంబర్లూ నోట్లూ చూసి చూసి నేర్చుకుంది. పిన్ నొక్కే ముందు మనవరాలిని "అటు తిరుగు" అంది. తర్వాత నావైపు చూసింది. నేనూ గోడవైపు తిరిగాను. కొంగు ఫోన్ మీద కప్పుకుని ఒక్కొక్కటీ నొక్కింది. ఎంత సేపు పట్టిందో! డబ్బు రావడానికి పిన్ ఎప్పుడూ అక్కర్లేదు, పంపడానికే కావాలి, ఎవడైనా "పిన్ కొడితే డబ్బు వస్తుంది" అంటే వాడు మోసగాడు అని రెండు మూడు సార్లు అప్పజెప్పించుకున్నాను. మోసపోతే చెయ్యాల్సిన 1930 నంబరు మనవరాలు గొడుగు కర్ర మీద మార్కర్‌తో రాసింది.

బుధవారం కొత్త స్టిక్కర్ వచ్చింది. అక్క పేరుతో. మొదట నేనే స్కాన్ చేస్తానని పొద్దున్నే పరిగెత్తాను. తెర మీద ఆవిడ పేరు ఇంటిపేరుతో సహా వచ్చింది. ఫోన్ తిప్పి చూపించి, ఇది నీ పేరే అక్కా అన్నాను. చదవలేదుగా, వేలు పెట్టి తడిమింది. "పక్కానా?" అంది. ఇరవై రూపాయలు కొట్టాను, నీ మహేష్ చెప్పాడు. నాకు ఏడుపొచ్చేసిందే, రోడ్డు మీద. అక్క మాత్రం వెంటనే బేరంలో పడింది.

కొడుకు రెండు రోజులు మాట్లాడలేదట. "నా మీద నమ్మకం లేదా" అని. కోడలు మాత్రం నాకు ఫోన్ చేసి, గొంతు తగ్గించి, "అక్కా, నాక్కూడా ఒక ఖాతా..." అంది. అంతలో ఎవరో వచ్చినట్టున్నారు, పెట్టేసింది. మళ్లీ చెయ్యలేదు. నేనే చెయ్యాలా వద్దా అని ఆలోచిస్తున్నాను. నువ్వేమంటావు?

ఇది పూలక్క ఒక్కదాని సంగతేం కాదు. మా టీమ్‌లో ఒకమ్మాయి ఉంది, నాకంటే ఎక్కువ జీతం. జీతం పడ్డ మెసేజ్ ఆమె భర్త ఫోన్‌కి వెళ్తుంది. ఆమె నెలనెలా అతన్ని అడుగుతుంది, "పడిందా?" అని. హైటెక్ సిటీలో కూర్చుని! ఆడవాళ్ల చేతికి ఫోన్ వచ్చింది, స్వేచ్ఛ వచ్చింది అంటారు. వచ్చింది, నేను కాదనను. అమీర్‌పేటలో మనం మెడికల్ కోడింగ్, అదే ఆస్పత్రి రికార్డులకి కోడ్లు వేసే పని, నేర్చుకోకపోతే, 2015 అక్టోబరులో అమెరికా వాళ్లు ఐసీడీ-10 అనే కొత్త జబ్బుల కోడ్లకి మారి మనకి ఉద్యోగాలు రాకపోతే, మనిద్దరి పెళ్లిళ్లూ వేరేలా జరిగేవి. కానీ నంబరు ఎవరిదో ముందు అడగాలి.

మన పని మాట ఎత్తాను కనుక చెబుతున్నా. ఇప్పుడు కోడ్లు సాఫ్ట్‌వేరే వేసేస్తోంది, నేను తప్పులు దిద్దుతున్నాను. రోగుల ఛార్టులు మాత్రం రెట్టింపు ఇస్తున్నారు. ఇంటి నుంచే పని, కుక్కర్ విజిల్‌కి ఒక చెవి, హెడ్‌సెట్‌కి ఒక చెవి. ఎన్నాళ్లుంటుందో తెలియదు. రాత్రిళ్లు టెన్షన్‌గా ఉంటుంది. వద్దులే, ఇవాళ అది వద్దు.

వచ్చే ఆదివారం ఎంగిలిపూల బతుకమ్మ. తంగేడు, గునుగు, బంతి, అన్నీ తన డబ్బుతోనే తెస్తానంది అక్క, అప్పు లేకుండా. నిన్న ఖాతాలో ఎంతుందో నన్ను చూడనివ్వలేదు.

నువ్వు ఒక పని చెయ్యి. మీ అత్తగారి పెన్షన్ ఖాతాకి ఎవరి నంబరు ఇచ్చారో కనుక్కో. నీది కూడా చూసుకో, నీ ఖాతాకి అప్పట్లో మీ మావయ్యగారి నంబరు ఇచ్చావని గుర్తు నాకు. మార్చకపోతే ఊరుకోను. ఇంకా కొడుకు నిన్న మా ఇంటికొచ్చి ఏమన్నాడో చెప్పనేలేదు, అది

అయ్యో, లాగిన్ టైమ్ అయిపోయింది, మేనేజర్ పింగ్ చేస్తోంది. మిగతాది తర్వాత.

నీ
చిట్టి