ఒసాకాలో ఉన్న వాసుకి

విజయనగరం,
కనుమ మర్నాడు.

చిరంజీవి వాసుకి అమ్మ ఆశీస్సులు.

ఇక్కడ అందరం క్షేమం. నాన్నగారి బీపీ అదుపులోనే ఉంది, మాత్ర వేళకి వేసుకుంటున్నారు. పండగకి పండు, అల్లుడుగారు, పిల్లలు వచ్చి వెళ్ళారు. పెద్ద మామయ్య భోగినాడు పొద్దున్నే వచ్చి రాత్రి భోజనం చేసి గానీ కదల్లేదు. నువ్వు ఫోన్ చేస్తావని అందరూ చూశారు. అక్కడ మన పండక్కి సెలవుండదు కదా అని నేనే సర్దిచెప్పాను.

ఫోనులో అయితే "బాగున్నానమ్మా, పనిలో ఉన్నాను, మళ్ళీ చేస్తాను" అని పెట్టేస్తావు. అందుకే ఉత్తరం రాస్తున్నాను. నిన్నేమీ అడగడానికి కాదు. చిట్టి పిన్ని వాళ్ళ అల్లుడికి ఒసాకాలో ఎవరో స్నేహితుడున్నాడట, నువ్వు దసరాల తర్వాత ఆఫీసుకి వెళ్ళడం లేదని అతను అన్నాడట. పిన్ని ఎంత విని ఎంత చెబుతుందో మనకి తెలియంది కాదు. నేను పట్టించుకోలేదు. ఈమధ్య చదివిన పుస్తకాల గురించి నీకు చెబుదామని కూర్చున్నాను.

నీకు చిన్నప్పుడు రోజూ రాత్రి చదివిపెట్టిన జపాను పుస్తకం 'రైలుబడి' అట్ట ఊడిపోతే మొన్న బైండు చేయించాను. చేయించాక ఊరికే ఉంచలేక మళ్ళీ మొదటినుంచి చదివాను. పాత రైలుపెట్టెల్లో క్లాసులు, పిల్లలు చెప్పేదంతా ఓపిగ్గా వినే కొబయాషి మాస్టారు, అన్నీ నీకు కంఠతా వచ్చేవి. పోలియో వచ్చిన యసుఆకిని కథలో పిల్ల తొత్తోచాన్ తన చెట్టు ఎక్కించే అధ్యాయం అయితే రోజూ చదవాల్సిందే. ఈసారి నా కంటపడింది వేరే సంగతి. ఆ చెట్టు సంగతి తెలిస్తే ఇంట్లో కంగారు పడతారని, యసుఆకి వాళ్ళింటికి వెళ్తున్నానని ఆ పిల్ల అమ్మతో అబద్ధం చెబుతుంది. చెప్పేటప్పుడు అమ్మ మొహంలోకి చూడలేక తన బూట్ల లేసులకేసి చూస్తుంది. నువ్వు కిందటిసారి వీడియో కాల్లో మాట్లాడినంతసేపూ కిందికే చూశావు. నీ వెనక గోడమీద కేలెండరు అక్టోబరు దగ్గరే ఆగిపోయి ఉంది. గుర్తొచ్చింది కాబట్టి రాశాను, అంతే.

ఇంతకీ జపానులో మునుపటి రోజుల్లో మగపిల్లలు ఎలా పెరిగేవారో చెప్పే పుస్తకాలు ఇంకా ఉన్నాయా అని అడిగితే, పండు ఇంగ్లీషులో దొరికినవి తెప్పించి ఇచ్చింది. డిక్షనరీ పక్కన పెట్టుకుని నెమ్మదిగా చదివాను. నా కొడుకు ఉంటున్న ఊళ్ళని పుస్తకాల్లోనైనా చూస్తే కొంత నయంగా ఉంటుందనిపించింది.

వాటిలో ఒకటి గెంజబురో యోషినో రాసింది. 1937లో వచ్చింది, చైనాతో యుద్ధం మొదలైన ఏడాదే. అంతకుముందు ఆయన్ని పోలీసులు పట్టుకెళ్తే ఏడాదిన్నర జైల్లో ఉండి వచ్చాడు. నువ్వు చూశానన్న మియాజాకి సినిమాకి జపానులో పెట్టిన పేరు ఈ పుస్తకానిదే. కథ టోక్యోలో స్కూలుకెళ్ళే పదిహేనేళ్ళ కుర్రాడిది. తండ్రి లేడు. తల్లికి తమ్ముడు, అంటే మేనమామ, వాడికి కొపెర్నికస్ పేరుమీదుగా కొపెరు అని ముద్దుపేరు పెట్టి, వాడు అడిగినవాటికీ అడగనివాటికీ జవాబులు ఒక నోటుబుక్కులో రాసి ఉంచుతుంటాడు. మన పెద్ద మామయ్య నీకు ఇంటర్లో రాసిన కార్డులు గుర్తొచ్చాయి. అవన్నీ ఇంకా నీ అలమారలోనే ఉన్నాయి.

ఆ కొపెరుకి కితామి అనే స్నేహితుడు ఉంటాడు, మొండివాడు, ఎవరికీ తలవంచడు. వాడికి పొగరెక్కువైందని, బుద్ధి చెప్పాలని పై క్లాసు కుర్రాళ్ళు కాచుకుని ఉంటారు. ఈ సంగతి తెలిసి స్నేహితులందరూ ఒకచోట చేరి, వాడిమీద ఎవరు చెయ్యి వేసినా మనందరం అడ్డంగా నిలబడదాం, దెబ్బలు తింటే కలిసే తిందాం అని మాట ఇచ్చుకుంటారు. కొపెరు కూడా ఇస్తాడు, మనస్ఫూర్తిగానే ఇస్తాడు. ఒకరోజు బాగా మంచు పడుతుంది. స్కూలు మైదానంలో పిల్లలందరూ మంచుముద్దలు విసురుకుంటూ పరుగులు పెడుతుంటే, ఆ పై క్లాసువాళ్ళు చేసి పెట్టిన మంచుబొమ్మ కితామి వల్ల పాడవుతుంది. కావలసిన సాకు దొరికింది కదా, చుట్టూ మూగుతారు. టోఫు దుకాణంవాళ్ళబ్బాయి ఉరగావా బక్కప్రాణి, క్లాసులో అందరూ ఏడిపించేవాడు, వాడు కూడా ముందుకి వెళ్ళి కితామి పక్కన నిలబడతాడు. మిజుతానీ నిలబడతాడు. కితామి తరఫువాళ్ళు ఇంకెవరైనా ఉంటే బయటికి రండిరా అని ఆ పై క్లాసు కుర్రాడొకడు కేకేస్తాడు. కొపెరు గుంపులోనే ఉన్నాడు. చేతిలో మంచుముద్ద ఉంది. ఇప్పుడు వెళ్ళాలి, ఇప్పుడు వెళ్ళాలి అనుకుంటూనే చెయ్యి వెనక్కి పెట్టుకుని, ఆ ముద్దని ఎవరూ చూడకుండా కిందికి జారవిడుస్తాడు. ఆ ముగ్గురూ దెబ్బలు తిని, ఒకరి భుజాలు ఒకరు పట్టుకుని ఏడుస్తూ వెళ్ళిపోతారు. వీడివైపు తిరిగి చూడరు.

ఇంటికొచ్చి జ్వరంతో పడకేస్తాడు. రోజులు గడుస్తాయి. తల్లికి చెప్పడు, మేనమామకి చెప్పడు, కప్పుకుని గోడవైపు తిరిగి పడుకుంటాడు. ఒంట్లో జ్వరం తగ్గినా మనిషి తేరుకోడు. చివరికి మామయ్య దగ్గర బయటపడి ఏడుస్తాడు, నా తరఫున మీరే వాళ్ళతో ఏదో ఒకటి చెప్పండి అంటాడు. అంత ప్రేమ ఉన్న మామయ్య అక్కడ మాత్రం గట్టిగా మందలిస్తాడు. ఒక్క సాకు కూడా రాయకుండా ఉన్నదున్నట్టు ఉత్తరం రాయి, వాళ్ళు క్షమించకపోతే అదీ భరించు అంటాడు. వాడు రాస్తాడు. తర్వాత ఆ స్నేహితులు ఇంటికొచ్చే ఘట్టం నేను చెప్పను, నువ్వే చదువుకో. అయితే తల్లి సంగతి చెప్పాలి. ఆవిడ మంచం పక్కన కూర్చుని ఊలు అల్లుకుంటూ, ఏమైందిరా అని ఒక్కసారి కూడా నిలదీయదు. తన చిన్నప్పటి కబురు చెబుతుంది. స్కూలు నుంచి వస్తూ యుషిమా తెంజిన్ గుడి మెట్లు ఎక్కుతుంటే, ముందు ఒక ముసలమ్మ మూట మోసుకుంటూ, ఆగి ఆగి ఎక్కుతోందట. మూట అందుకుందాం, ఈ మెట్టు దగ్గర అడుగుదాం, పై మెట్టు దగ్గర అడుగుదాం అనుకుంటూనే పైదాకా వచ్చేసిందట. అడగనేలేదు. ఏళ్ళు గడిచినా ఆ మెట్లు తనని వదల్లేదని, ఆ తర్వాత ఎన్నోసార్లు వెనకాడకుండా మంచిపని చేయగలిగింది వాటి మూలంగానేనని కొడుకుతో అంటుంది.

నీకు నీతులు చెప్పాలని కాదు నాన్నా. కానీ మనసులో పెట్టుకుని ఒంటరిగా గదిలో కూర్చుంటే ఏ సంగతైనా పెరుగుతుందే గానీ తరగదు. పలాస వ్యవహారమప్పుడు నాన్నగారు ఎవరికీ చెప్పకుండా లోపల్లోపల కుమిలి ఆరోగ్యం ఎలా పాడుచేసుకున్నారో నువ్వు చూశావు. నువ్వూ ఆయన పోలికే. ఉద్యోగం పోయినా, నువ్వే మానేసినా, పైవాళ్ళు ఏదో అంటే తట్టుకోలేక వచ్చేసినా, మాకు నువ్వు కావాలి. అక్కడ చదువుకునేటప్పుడు స్నేహితులు ఉండేవారు కదా, వాళ్ళు ఏమయ్యారు? ఒక్కరినైనా కలుస్తున్నావా? వేళకి నిద్రపోతున్నావా? చలికాలంలో తలుపులన్నీ మూసుకుని ఫోను చూస్తూ పడుకోవడం మంచిది కాదు. పొద్దున్నే లేచి కాసేపు ఎండలో నడువు. చీకటి గదిలో ఉంటే లేని ఆలోచనలు వస్తాయి.

నిద్ర అంటే ఇంకొకటి. 2024లో కొత్త నోటు వచ్చేదాకా మీ పదివేల యెన్ నోటు మీద ఉన్న పెద్దమనిషి, ఫుకుజావా యుకిచి, ఆయన ఆత్మకథ కూడా చదివాను. 1899లో పుస్తకంగా వచ్చింది. ఆయన పుట్టింది 1835లో, మీ ఒసాకాలోనే. రెండేళ్ళు నిండకుండానే తండ్రి పోతే, తల్లి అయిదుగురు పిల్లల్నీ వెంటబెట్టుకుని సొంతూరు నకత్సుకి వెళ్ళిపోయింది. ఆ ఊళ్ళో చియె అని ఒక బిచ్చగత్తె, తలనిండా పేలు. యుకిచి తల్లి ఆమెని పెరట్లోకి పిలిచి గడ్డిమీద కూర్చోబెట్టి, కిమోనో చేతులు పైకి కట్టుకుని పేలు చూసేది. తీసిన పేనుని తీసినట్టు కొడుకు ముందున్న రాతిమీద పెడితే, వాడు గులకరాయితో చిదమాలి. అయ్యాక ఇంతసేపు కదలకుండా కూర్చున్నందుకని ఆమెకి అన్నం పెట్టేది. వాడికి మాత్రం ముసలితనంలో తలుచుకున్నా ఒళ్ళు జలదరించేదట.

పెద్దయ్యాక ఒసాకా వచ్చి ఒగాతా కోఆన్ అనే డాక్టరుగారి బడి తెకిజుకులో డచ్చి భాష చదివాడు. ఒకసారి జ్వరం వచ్చి, తగ్గుముఖం పట్టాక దిండు కోసం వెతికితే ఎక్కడా లేదు. అప్పుడు గుర్తొచ్చిందట, ఏడాదిగా దిండుమీద తల పెట్టిందే లేదని, చదివి చదివి బల్లమీదే వాలిపోవడమేనని. ఇది విని నువ్వు ముచ్చటపడకు, ఆ పని చెయ్యకు. అతనికి వచ్చిన ఆ జ్వరం టైఫాయిడ్. గురువుగారు రోజూ వచ్చి చూస్తాను గానీ మందు మాత్రం నేను రాయను, సొంత బిడ్డ లాంటి నీకు ఏ మందు ఇవ్వాలన్నా తడబడతాను అని ఇంకో డాక్టరుకి అప్పగించాడు. ఆ ముక్క చదివి నాన్నగారికి కూడా వినిపించాను. ఆ బడి భవనం కితాహామాలో ఇంకా ఉందట, లోపలికి వెళ్ళి చూడొచ్చట. మేడమీద స్తంభానికి పిల్లలు కత్తులతో పెట్టిన గాట్లున్నాయట. నీకు ఎంత దూరం? ఒక శనివారం వెళ్ళి ఫోటోలు తీసి పంపు.

అన్నగారు పోయాక అతను నకత్సు వచ్చి ఇంటికి పెద్ద అయ్యాడు. ఊరు కదలడానికి వీల్లేదని చుట్టాలందరూ అడ్డుపడ్డారు. తల్లి ఒక్కతే మళ్ళీ ఒసాకా వెళ్ళమంది. నలభై ర్యోల (అప్పటి జపాను డబ్బు) అప్పు ఉంటే, భర్త ఆశగా కూడబెట్టుకున్న పదిహేను వందల పుస్తకాలతో సహా ఇంట్లో అమ్మగలిగినవన్నీ అమ్మి తీర్చి పంపించింది. తను పసి మనవరాలితో ఆ ఇంట్లో మిగిలింది. నిన్ను విశాఖలో విమానం ఎక్కించి వచ్చినరోజు నేనెలా ఉన్నానో పండు చెబుతుంది. ఆవిడకి నా దండం.

ఇంకొక్కటి చెప్పి ఆపేస్తాను. కన్సుకె నకా అని 1885లో టోక్యోలో పుట్టినాయన తన బాల్యం రాసుకున్నాడు, 1913లో అసాహి పత్రికలో రావడం మొదలైంది. పుట్టినప్పటి నుంచి రోగిష్ఠి. మందు పట్టడానికి మామూలు చెంచా నోట్లో పట్టక చిన్న వెండిచెంచా తెచ్చారు. పెద్దమ్మ ఒకావిడ వీపున మోసి పెంచింది. ఎన్నో ఏళ్ళకి అతను ఆవిడని చూడ్డానికి వెళ్తాడు. అప్పటికి ఆవిడకి చూపు సరిగా లేదు. వచ్చింది ఎవరో గుర్తుపట్టాక ఇంక కాలు నిలవక, బయటికెళ్ళి దుకాణంలో ఉన్న చేపలన్నీ కొనుక్కొచ్చి వండి, పళ్ళెం నిండా పెట్టి తినమంటుంది. ఒక్కడు అన్ని తినలేడని ఆవిడకి తోచదు. అతను తినగలిగినంత తింటాడు.

టికెట్టు డబ్బులకి టెన్షన్ పడకు. పెద్ద మామయ్య తనే అడిగి మరీ ఇస్తానన్నారు. ఎందుకు వస్తున్నావని ఇక్కడ ఎవరూ అడగరు, చిట్టి పిన్నికి నేను చెబుతాను. రావడం కుదరకపోతే అదీ ఫరవాలేదు, సంగతేమిటో మాత్రం నాకు రాయి. ఎంత చెడ్డ సంగతైనా రాయి. నాన్నగారికి చెప్పాలో వద్దో నేను చూసుకుంటాను. అద్దె కట్టావా? వీసా కాగితాలు ఎప్పటిదాకా ఉన్నాయో చూసుకున్నావా? ఉద్యోగం మారితే అక్కడి వీసా ఆఫీసులో చెప్పాలంటారు, ఆ పని వాయిదా వెయ్యకు.

ఆశీస్సులతో,
మీ అమ్మ

తా.క. పండు మరిదిగారి స్నేహితుడు వచ్చే నెల ఒసాకా వస్తున్నాడు. కందిపొడి, కరివేపాకు పొడి కట్టి ఇస్తాను. స్వెట్టరు కూడా పెడుతున్నాను, కొలత నీ పాతదాన్ని బట్టి తీసుకున్నాను. చిక్కిపోయి ఉంటే చెప్పు, ఇంకా టైముంది, మార్పిస్తాను. అతనికి ఏ అడ్రసు ఇవ్వాలో వెంటనే మెసేజు పెట్టు.