గ్రెటా గెర్విగ్ గురించి నాన్నగారికి

బోస్టన్

పూజ్యులైన నాన్నగారికి నమస్కారములు.

నటిగా పేరు తెచ్చుకున్న గ్రెటా గెర్విగ్‌కు నూట యాభై ఏళ్లనాటి ‘లిటిల్ వుమెన్’ నవలను తెరకెక్కించే నేర్పు ఎలా అబ్బిందని కిందటి ఉత్తరంలో అడిగారు. నటన వల్లనే అబ్బిందని నా నమ్మకం.

1983లో కాలిఫోర్నియాలోని శాక్రమెంటోలో పుట్టిన ఆవిడ, సంభాషణలు చాలావరకు నటులే అప్పటికప్పుడు కల్పించుకునే చవకైన చిన్న చిత్రాలతో మొదలుపెట్టారు. ‘ఫ్రాన్సెస్ హా’లో నటిస్తూనే రచనలో పాలుపంచుకున్నారు. 2017లో ‘లేడీ బర్డ్’ తీసి, ఉత్తమ దర్శకత్వానికి ఆస్కార్ నామినేషన్ పొందిన ఐదవ మహిళ అయ్యారు.

అమెరికన్ రచయిత్రి లూయీసా మే ఆల్కాట్ 1868, 1869లలో రెండు భాగాలుగా వెలువరించిన, నలుగురు అక్కచెల్లెళ్ల కథ అయిన ‘లిటిల్ వుమెన్’ను ఆవిడ 2019లో సినిమాగా తీశారు. చిత్రీకరణ ఇక్కడే, మసాచుసెట్స్‌లో జరిగింది. అంతకుముందే పలుమార్లు తెరకెక్కిన ఆ కథను ఆవిడ వరుసగా చెప్పలేదు. ఆ నలుగురిలో రచయిత్రి కావాలనుకునే జో పెద్దయ్యాక న్యూయార్క్‌లో తన కథను అమ్ముకునే చోట మొదలుపెట్టి, బాల్యాన్ని బంగారు వెలుగులోనూ, తరువాతి జీవితాన్ని చల్లని వెలుగులోనూ చూపుతూ రెండు కాలాలను అల్లారు. జో చెల్లెలు బెత్ జబ్బు నుంచి కోలుకున్న ఉదయమూ, ఆమె ఇక లేని ఉదయమూ అవే మెట్ల మీద పక్కపక్కనే ఎదురైనప్పుడు, నవలలో ఎన్నో అధ్యాయాల దూరంలో ఉన్న ఆ రెండు ఘట్టాలూ ఒకే దుఃఖంగా మారిపోతాయి. మొదటిసారి చూసేవారు కాలాల మధ్య కాస్త తికమకపడతారన్నది మాత్రం నిజం.

అక్కచెల్లెళ్లు నలుగురూ ఒకరి మాట పూర్తికాకుండానే మరొకరు అందుకుంటారు. అది యాదృచ్ఛికం కాదు. ఎవరు ఏ మాట దగ్గర అందుకోవాలో ఆవిడ స్క్రిప్టులోనే గీతలు పెట్టి రాశారు. నటిగా తాను ఆ మాటల గందరగోళంలో నిలబడి ఉండకపోతే ఆ ఊహ వచ్చేది కాదేమో.

ముగింపే అన్నిటికన్నా సాహసం. ఆల్కాట్ పెళ్లి చేసుకోలేదు; జోకు పెళ్లి చేయడం ఆమెకు ఇష్టం లేకపోయినా పాఠకుల ఒత్తిడికి తలవంచారు. సినిమాలో ప్రచురణకర్త కథానాయికకు పెళ్లి కావాలని పట్టుబడితే, జో ఒప్పుకుంటుంది గానీ, కాపీరైటు తన దగ్గరే ఉంచుకుని 6.6 శాతం రాయల్టీకి బేరం కుదుర్చుకుంటుంది. ఆ తరువాత వచ్చే గొడుగు కింది ముద్దు జో జీవితంలోదా, ఆమె రాసిన పుస్తకంలోదా అన్నది మనకే వదిలేశారు. నాకున్న ఫిర్యాదు ఒక్కటే: నవలలో నలభైకి చేరువైన, బొద్దుగా ఉండే జర్మన్ ప్రొఫెసర్ పాత్రకు ఇంత అందగాడైన ఫ్రెంచి నటుడు ఎందుకో.

ఆ చిత్రానికి వచ్చిన ఆరు ఆస్కార్ నామినేషన్లలో దర్శకత్వం లేదు. దుస్తుల రూపకల్పనకు మాత్రం అవార్డు దక్కింది. ఇప్పుడు ఆవిడ సి.ఎస్. లూయిస్ పిల్లల కోసం రాసిన నార్నియా అనే మాయాలోకపు కథలు చేపట్టారు. రచయిత్రి పాత్రే లేని ఆ లోకంలో, రాసేవారి జీవితాన్నీ కథనూ కలిపి అల్లే ఈ పద్ధతి ఎంతవరకు సాగుతుందో మీ అభిప్రాయం రాయండి.

అమ్మకు నా నమస్కారాలు.

మీ అమ్మాయి