కొఠియా హద్దును రెండు రాష్ట్రాలూ కలిసి కొలవాలి

సంపాదకులకు,

ఆంధ్ర, ఒడిశా రెండూ తమదనే కొండ పల్లెల గుంపు కొఠియా పేరు పేపర్లో వచ్చినప్పుడల్లా ఎవరి బోర్డు పీకేశారు, ఎవరి అధికారులను అడ్డుకున్నారు అన్నదే వార్త. హద్దు నేల మీద ఎక్కడుందో తేల్చే పని ఊసే ఉండదు. 1936 ఏప్రిల్ 1న ఒడిశా వేరు రాష్ట్రమైనప్పుడు సాలూరు పైనున్న ఈ కొండ పల్లెలకు సర్వే జరగలేదు. గొడవంతా అక్కడే మొదలైంది. 1968లో సుప్రీంకోర్టుకెక్కిన దావా 2006లో ముగిసినా, 21 పల్లెల్లో యథాతథ స్థితే మిగిలింది. చాలా ఇళ్లలో రెండు రాష్ట్రాల కార్డులూ ఉన్నాయి.

ఫోన్ మ్యాపులోని గీత చూపించి 'హద్దు ఇదే' అనడం ఈ మధ్య ఎక్కువైంది. అది పెద్ద పొరపాటు. 1:50,000 మ్యాపులో ఒక మిల్లీమీటరు నేల మీద 50 మీటర్లు. అర మిల్లీమీటరు మందం గీతే పాతిక మీటర్లు తినేస్తుంది. పైగా మన పాత మ్యాపులు ఎవరెస్ట్ గోళాభం (భూమి ఆకారానికి అప్పట్లో వాడిన లెక్క) మీద గీసినవి, రోవర్ (ఉపగ్రహాల సాయంతో స్థానం కొలిచే పరికరం) చూపేది జీపీఎస్ వాడే డబ్ల్యూజీఎస్ 84 లెక్క. మార్పిడి చేయకుండా ఒకదాని మీద ఒకటి పెడితే మన ప్రాంతంలో వంద మీటర్లకు పైగా తేడా వస్తుంది. కొండవాలున ఒక పల్లె పోడంతా అందులోనే పడిపోవచ్చు.

చేయాల్సింది ఇదీ. దేశానికి మ్యాపులు గీసే కేంద్ర సంస్థ సర్వే ఆఫ్ ఇండియా సమక్షంలో రెండు రాష్ట్రాల సర్వేయర్లు ముందు చుట్టుపక్కల సర్వే అయిన ఊళ్ల నక్షాలు, ఎఫ్‌ఎంబీలు (పొలాల కొలతల పుస్తకాలు) మార్చుకోవాలి. ఒకే పల్లె పేరు తెలుగులో ఒకలా, ఒడియాలో ఒకలా ఉంటుంది గనక పేర్ల పట్టిక మొదటే రాసుకోవాలి. తర్వాత మూడు ఊళ్ల పొలిమేరలు కలిసే ట్రైజంక్షన్ రాళ్లు వెతకాలి. కదలని రాళ్లు కనీసం మూడు దొరకాలి. రెండింటితో లెక్క కట్టవచ్చు గానీ, అందులో తప్పు దొర్లితే బయటపడే దారి ఉండదు. ఆ రాళ్ల మీద జీపీఎస్ రిసీవర్లను గంటల తరబడి కదలకుండా ఉంచి కొలవాలి. అక్కడ ఫోన్ సిగ్నల్ నిలకడగా ఉండదు, కోర్స్ స్టేషన్ (ఒకేచోట ఉండి జీపీఎస్ సవరణలు పంపే కేంద్రం) నుంచి అప్పటికప్పుడు సవరణలు అందుతాయని నమ్ముకోకూడదు. చెట్ల కింద, కొండ గోడ పక్కన వచ్చే రీడింగు వేరే రోజు మళ్లీ తీసి సరిచూడాలి.

పాత గొలుసు కొలతల దగ్గర ఇంకా జాగ్రత్త కావాలి. 30 డిగ్రీల వాలు మీద పరిచిన 100 మీటర్లు సమతలంలో 86.6 మీటర్లే. పాత కొలత వాలు వెంట తీసిందా, గొలుసును సమంగా పట్టి మెట్లు మెట్లుగా తీసిందా తేల్చుకోకుండా నక్షాకు అతికిస్తే రాయి పక్క గెడ్డలో (వాగులో) పడుతుంది. గెడ్డే హద్దని రాసి ఉన్నచోట, ఏ కాలపు గెడ్డో కూడా చూడాలి. ఒక్క పెద్ద వరదకు పాయ మారిపోతుంది.

కొలిచి రాసుకుంటే ఎవరి స్వాధీనమూ మారదు. కొత్త రాళ్లు పాతడం వేరు, దానికి రెండు ప్రభుత్వాల ఒప్పందం కావాలి. రాష్ట్రాల హద్దు మార్చడం ఆర్టికల్ 3 కింద పార్లమెంటు పని. మన 1923 సర్వే చట్టం మన రాష్ట్రం దాటి చెల్లదు కాబట్టి, ఒక్కరే వెళ్లి పాతిన రాయిని రెండోవాళ్లు ఒప్పుకోరు. అందుకే ప్రతి బిందువు కొలతల కింద ఇద్దరి సంతకాలూ ఉండాలి. ఆ పట్టిక ఒక ప్రతి సాలూరులో, ఒకటి ఒడిశా వైపు పొట్టంగిలో, మూడోది సర్వే ఆఫ్ ఇండియా దగ్గర భద్రపరచాలి. ఈ వానలు వెలిసి ఆకు పలచబడగానే, డిసెంబరు నుంచి మార్చి లోపు ఈ పని మొదలుపెట్టాలని రెండు జిల్లాల కలెక్టర్లను కోరుతున్నాం.

— విశ్రాంత సర్వే ఉద్యోగులు, విజయనగరం