సరిహద్దు ఇవతలి తెలుగుకు మీ సాహిత్య పేజీలో చోటుందా?

సంపాదకులకు నమస్కారం.

మొన్న ఆదివారం సాహిత్య పేజీలో ప్రాంతీయ అస్తిత్వం, కవిత్వం గురించి పేజీ నిండా వేశారు. ఉత్తరాంధ్ర, తెలంగాణ, రాయలసీమ అన్నీ వచ్చాయి, బాగానే ఉంది. కానీ అనంతపురం, చిత్తూరు జిల్లాలు దాటేసరికి మీ వ్యాసకర్తకు తెలుగు కవిత్వం అయిపోయినట్టుంది. ఇవతల కర్ణాటకలోని కోలారు, చిక్కబళ్లాపురం జిల్లాల్లో ఇంట్లో తెలుగు మాట్లాడుతూ బడిలో కన్నడ చదువుకునే జనం తరతరాలుగా ఉన్నారు. నేనూ ఆ బాపతే. 1953లో మైసూరు రాష్ట్రానికి పోయిన బళ్లారిని తలుచుకుని బాధపడే పెద్దలు ఇంకా ఉన్నారు గానీ, కోలారు అంతకుముందూ మైసూరు సంస్థానమే కాబట్టి మమ్మల్ని తలుచుకోవడానికి ఎవరికీ ఆ బాధ కూడా లేదు.

బెంగళూరుకు సుమారు 70 కిలోమీటర్ల దూరంలో కైవారం ఉంది. 18వ శతాబ్దంలో అక్కడ పుట్టిన నారేయణ తాతయ్య గాజులమ్ముకుని బతికినవాడు. తెలుగులో శతకం, కాలజ్ఞానం చెప్పాడు, తెలుగు కన్నడ రెండింట్లోనూ కీర్తనలు కట్టాడు. కర్ణాటక ప్రభుత్వం ఆయన జయంతినీ, జనవరి 19న వేమన జయంతినీ అధికారికంగా చేస్తుంది. మీ పేజీలో మాత్రం తాతయ్య పేరు చూసిన గుర్తు నాకు లేదు.

మా పెదనాన్న భజన పుస్తకం మా ఇంట్లో ఉంది. అట్ట ఊడిపోతే గోనెపట్టా దారంతో కుట్టుకున్నాడు, పేజీల నిండా దీపం నూనె మరకలు. పాటలు తెలుగువి, అక్షరాలు కన్నడవి, ఎందుకంటే ఆయనకు తెలుగు రాయడం చదవడం రాదు. శనివారం రాత్రి హార్మోనియం, తాళాలు మొదలయ్యాయంటే తాతయ్య తత్వాల మధ్యలో వేమన పద్యం దూర్చేవాడు, ఇది ఎవరిది పెదనాన్నా అంటే "అన్నీ తాతయ్యవేలేవే" అనేవాడు. ఆ వెంటనే పురందరదాసు కీర్తన, అదీ కన్నడలో. గుళ్లో ఎవరికీ అభ్యంతరం లేదు.

మాది నదుల సీమ కాదు. చెరువులు, లోతు పెరుగుతూనే ఉన్న బోర్లు, రాగి చేలు, పట్టుపురుగులు, టమాటా. పొద్దంతా చాకిరీ చేసి వచ్చిన మనిషి పుస్తకం ముట్టుకోకుండా పాడుకోగలిగినవే ఇక్కడ నిలిచాయని నా అభిప్రాయం, అంటే తత్వం, భజన, కోలాటం.

ఇక బెంగళూరు ముచ్చట. ఉగాదికి అపార్ట్‌మెంట్లలో కవి సమ్మేళనాలు పెడతారు, సంతోషమే. ముఖ్య అతిథి హైదరాబాద్ నుంచి విమానంలో దిగుతాడు, వేదిక మీద గోదావరి పారుతుంది, కోయిల కూస్తుంది. గేటు దగ్గర సెక్యూరిటీ ఆయన, పూలమ్మే ఆమె మాట్లాడుకునేది చిక్కబళ్లాపురం జిల్లా బాగేపల్లి తెలుగు, వాళ్లను లోపలికి రమ్మని ఎవరూ అనరు. నేను నోరు తెరిస్తే "మీ తెలుగులో కన్నడ కలిసిందండీ" అని ఓ నవ్వు. పక్కింటివాళ్లు కన్నడ మాట్లాడుతుంటే కలవక ఏం చేస్తుంది? ఇదే ఊరి మురుగునీటిని శుద్ధి చేసి 2018 నుంచి కోలారు చెరువులకు పంపుతున్నారు. దాన్ని మెచ్చుకునే రైతులున్నారు, తిట్టేవాళ్లూ ఉన్నారు, ఆ నీళ్ల మీద ఒక్క తెలుగు కవిత ఈ సమ్మేళనాల్లో నేనైతే వినలేదు.

గురుపూర్ణిమకు కైవారంలో సంగీతోత్సవం జరుగుతుంది. మీ బెంగళూరు విలేకరిని పంపండి. వేదిక ఫొటోలతో సరిపెట్టకుండా, ఊళ్ల నుంచి వచ్చిన భజన బృందాల దగ్గర కూర్చుని వాళ్ల పుస్తకాలు అడిగి చూడమనండి. వారానికో పాట వేసి, కింద ఏ ఊరి బృందమో రాస్తే చాలు. కన్నడ అక్షరాల నుంచి తెలుగులోకి ఎత్తి రాసే పని నేను చేసిపెడతాను, డబ్బులేమీ అక్కర్లేదు.

ఇట్లు,
మీ పాఠకురాలు,
కృష్ణరాజపురం, బెంగళూరు