రసీదు లేని దరఖాస్తు, కారణం లేని తిరస్కరణ

సంపాదకులకు,

పంట రుణం ఇవ్వలేదని కోర్టుకెళ్దామనుకున్న రైతును వకీలు ముందుగా అడిగేది ‘దరఖాస్తు ఇచ్చినట్టు రసీదు ఉందా?’ అని. ఉండదు. ‘సిబిల్ (పాత అప్పులు కట్టిన తీరును చూపే స్కోరు) బాలేదు’, ‘మీ ఊరు మా బ్రాంచి కిందికి రాదు’, ‘వచ్చే వారం చూద్దాం’ అన్న మాటలే ఉంటాయి. నోటిమాటను పట్టుకుని కేసు నడవదు.

వ్యవసాయం వంటి ప్రాధాన్య రంగ రుణాలపై రిజర్వు బ్యాంకు (ఆర్‌బీఐ) ఆదేశాలు మాత్రం కాగితం మీదే నడుస్తాయి. దరఖాస్తుకు రసీదు ఇవ్వాలి. ఎప్పుడొచ్చింది, మంజూరైందా, కాదంటే ఎందుకు కాదన్నారు అన్నది రిజిస్టరులో రాయాలి. నిర్ణయాన్ని రైతుకు రాతలో తెలపాలి. కిసాన్ క్రెడిట్ కార్డయితే కాగితాలన్నీ అందిన 14 రోజుల్లో తేల్చాలన్న సూచన కూడా ఉంది. ఇవన్నీ తప్పించుకోవడానికి ఒకటే ఉపాయం: అసలు దరఖాస్తే తీసుకోకపోవడం. కౌంటరులో తీసుకోకపోతే భూమి రికార్డులైన 1బి, అడంగల్ (తెలంగాణలో పట్టాదారు పాస్‌పుస్తకం), ఆధార్ నకళ్లు జతచేసి స్పీడ్ పోస్టులో పంపాలి, ఆ పోస్టు రసీదు దాచుకోవాలి. ఇంకో ప్రతి జిల్లాలో బ్యాంకుల రుణాలను సమన్వయం చేసే లీడ్ బ్యాంకు మేనేజరుకు పంపాలి.

తర్వాత బ్యాంకుకే రాతపూర్వక ఫిర్యాదు. 30 రోజుల్లో జవాబు రాకపోయినా, వచ్చింది నచ్చకపోయినా బ్యాంకులపై ఫిర్యాదులు విచారించే ఆర్‌బీఐ అంబుడ్స్‌మన్‌కు వెళ్లొచ్చు. రుసుము లేదు, వివరాలకు 14448. చాలా ఫిర్యాదులు చతికిలపడేది ఇక్కడే. ‘నాకు లోను ఇప్పించండి’ అని రాస్తే అది బ్యాంకు వ్యాపార నిర్ణయమంటూ ఫైలు మూసేస్తారు. ‘రసీదు ఇవ్వలేదు, కారణం రాసివ్వలేదు, రూ.2 లక్షలలోపు రుణానికి తనఖా అడిగారు’ అని రాస్తే అది ఆదేశాల ఉల్లంఘన అవుతుంది. హైకోర్టులోనూ అంతే. అప్పు ఇచ్చి తీరాలన్న ఉత్తర్వు ఆశించడం కంటే, దరఖాస్తును కారణాలతో తేల్చమని అడిగితే పిటిషన్ నిలబడుతుంది. ప్రభుత్వ బ్యాంకయితే రూ.10తో సమాచార హక్కు కింద మన దరఖాస్తు నమోదైన రిజిస్టరు పేజీ నకలు కోరవచ్చు.

తనఖా లేని పంట రుణ పరిమితి 2025 జనవరి 1 నుంచి రూ.1.60 లక్షల నుంచి రూ.2 లక్షలకు పెరిగింది. అదే ఏడాది జులైలో, రైతు తనంతట తాను బంగారం కుదువపెడితే అది ఉల్లంఘన కాదని ఆర్‌బీఐ వివరణ ఇచ్చింది. ఇంకేముంది, ఫారాల్లో అందరూ ‘స్వచ్ఛందంగా’ పెట్టినట్టే రాయించుకోవచ్చు! సంతకానికి ముందు ఆ ముక్క ఉందేమో చదివించుకోవాలి.

ఇక సిబిల్. స్వల్పకాలిక పంట రుణం రెండు సీజన్లు బాకీపడితే మొండి బాకీ కింద లెక్క. మాఫీ వస్తుందని రెన్యువల్ ఆపిన ఖాతాలు ఇలాగే చిక్కుల్లో పడతాయి. 2024లో తెలంగాణలో రూ.2 లక్షల మాఫీకి, ఆపై ఉన్న బాకీని ముందు రైతే కట్టాలన్నారు. అది కట్టలేనివారి ఖాతా బాకీలోనే ఉండిపోతుంది. మాఫీ పూర్తయిన రైతు బ్యాంకు నుంచి నో డ్యూ (బాకీ లేదన్న) లేఖ తీసుకుని, ఏడాదికొకసారి ఉచితంగా వచ్చే క్రెడిట్ రిపోర్టుతో సరిపోల్చుకోవాలి. తప్పుంటే ఫిర్యాదు చేయాలి. 30 రోజుల్లో తేల్చకపోతే రోజుకు రూ.100 పరిహారం ఇవ్వాలి. తొలిసారి అప్పు అడిగేవారిని రుణ చరిత్ర లేదన్న ఒక్క కారణంతో కాదనకూడదనీ ఆర్‌బీఐ చెప్పింది.

కౌలు రైతుది ఇంకో ముడి. ఆంధ్రప్రదేశ్ 2019 చట్టం కింద సీసీఆర్సీ (పంట సాగుదారు హక్కుల) కార్డుకు భూయజమాని సంతకం కావాలి, దాని గడువు 11 నెలలే. కార్డు చేతికొచ్చినా అదే సర్వే నంబరుపై యజమాని ముందే పంట రుణం ఎత్తి ఉంటే బ్యాంకు తల అడ్డంగా ఊపుతుంది. ఆ తిరస్కరణ కూడా రాతలో రావాలి. ఎన్ని కార్డులు ఇలా చెల్లకుండా పోతున్నాయో ప్రభుత్వానికి లెక్క తెలిసేది అప్పుడే.

కలెక్టర్ల అధ్యక్షతన జరిగే జిల్లా సంప్రదింపుల కమిటీ సమావేశాల్లో ఎన్ని కోట్లు ఇచ్చారన్న పట్టికే చూస్తున్నారు. దాని పక్కనే బ్రాంచీలవారీగా ఎన్ని దరఖాస్తులు తిరస్కరించారు, ఏ కారణంతో అన్న పట్టిక కూడా ఈ రబీ నుంచి పెట్టించాలని కోరుతున్నాం.

— రైతు రుణ దరఖాస్తులకు సాయపడే కార్యకర్తలు, పల్నాడు జిల్లా