కేంద్ర రవాణా మంత్రి గారికి: లైసెన్స్ పోయిన డ్రైవర్‌కి, కార్డు వచ్చేదాకా బండి నడపనిచ్చే ఒక్క కాగితం ఇప్పించండి సార్

కేంద్ర రోడ్డు రవాణా, రహదారుల శాఖ మంత్రి గారికి,

నమస్కారం సార్. నేను ఒక ట్రాలీ ఆటో డ్రైవర్ కూతుర్ని. మా నాన్నకి యాభై రెండేళ్లు, నాకు ఊహ తెలిసినప్పట్నుంచీ బండి మీదే ఉన్నారు. సొంత బండి కాదు, ఓనర్ బండి, ట్రిప్పుకింత అని ఇస్తారు, బండెక్కని రోజు ఇంట్లోకి రూపాయి రాదు. ఆయన పర్సు, ఫోను రెండూ ఒకే రోజు బస్సులో పోయాయి. పోయాయంటే ఎక్కడో పడిపోలేదు సార్, రష్‌లో ఎవడో సంచి అడుగున బ్లేడుతో కోసి తీసుకెళ్లాడు. ఆ సంచి ఇప్పటికీ మా ఇంట్లోనే ఉంది, కోసిన చోట ఒక్క దారప్పోగు కూడా లేవలేదు, అంత సన్నగా తెగింది. పర్సులో డబ్బులు పెద్దగా లేవు, లైసెన్స్ ఉంది. ఆ రోజు నుంచి కొత్త కార్డు చేతికొచ్చేదాకా మా నాన్న నలభై ఒక్క రోజులు బండెక్కలేదు. ఆ నలభై ఒక్క రోజుల గురించే ఈ ఉత్తరం.

మొదటి రోజే ఓనర్ చెప్పేశాడు, ఏమనుకోకు అన్నా, కార్డు లేకుండా బండి ఇచ్చాక ఏదన్నా అయితే ఇన్సూరెన్స్ వాళ్లు నన్ను పట్టుకుంటారు, కార్డు రాగానే వచ్చెయ్ అని. నేను ఆయన్ని తప్పు పట్టను, ఆయన భయం ఆయనది. కానీ అప్పట్నుంచి నన్ను తొలిచేస్తున్న సంగతి ఒకటుంది. మా నాన్న లైసెన్స్ ఎవరూ రద్దు చేయలేదు కదా, దాని గడువు ఇంకా ఉంది, నడపడానికి ఆయనకున్న హక్కు అలాగే ఉంది, ఆ హక్కుకి గుర్తుగా ఇచ్చిన ప్లాస్టిక్ ముక్క మాత్రమే దొంగ చేతికి పోయింది. మోటారు వాహనాల చట్టం కూడా ఈ రెండిటినీ వేరుగానే చూస్తుంది, అసలు లైసెన్స్ లేకుండా నడిపితే సెక్షన్ 181, 2019 సవరణ తర్వాత దానికి 5,000 జరిమానా, లైసెన్స్ ఉండి అడిగినప్పుడు చూపించలేకపోతే అది వేరే తప్పు, చిన్నది. సెంట్రల్ మోటార్ వెహికల్ రూల్స్‌లో 139వ రూలు ఉంది, కాగితాలు దగ్గర లేకపోతే 15 రోజుల్లోపు పంపించే వీలు కూడా అందులో పెట్టారు. అంటే చట్టం రాసినవాళ్లకి మనిషి దగ్గర కార్డు లేని రోజు ఒకటి వస్తుందని తెలుసు. రోడ్డు మీద మాత్రం ఆ తేడా ఎవరికీ పట్టదు సార్, చెయ్యెత్తి బండి ఆపిన వాళ్లు అడిగేది కార్డు ఏది అని.

పోలీస్ స్టేషన్ దగ్గర ఏం జరిగిందో చెప్తాను. నాన్నతో నేను కూడా వెళ్లాను. కంప్లైంట్‌లో బస్సులో దొంగిలించారు అని రాశాను, కోసిన సంచి కూడా పట్టుకెళ్లాను. అక్కడ ఫిర్యాదులు రాసుకునే కానిస్టేబుల్, అదే రైటర్, అది చదివి, మర్యాదగానే చెప్పాడు, పెద్దాయనా దొంగతనం అని రాస్తే ఎఫ్ఐఆర్ అవుతుంది, తిరగాలి, పోగొట్టుకున్నాను అని రాసివ్వు, సాయంత్రానికి కార్డు పోయినట్టు సర్టిఫికెట్ ఇచ్చేస్తా అని. మా నాన్నకి కావాల్సింది బండెక్కడం. పేపరు తిప్పి రాయమ్మా అన్నారు నాతో. నేను నా చేత్తోనే 'పోగొట్టుకున్నాను' అని రాసిచ్చాను. ఇంటికొచ్చాక చదివితే తెలిసింది, కాగ్నిజబుల్ నేరం, అంటే పోలీసులు వారంట్ లేకుండా అరెస్టు చేయగలిగే నేరం అని కంప్లైంట్ వస్తే ఎఫ్ఐఆర్ కట్టి తీరాల్సిందేనని 2013లోనే సుప్రీంకోర్టు చెప్పిందని, 2024 జులై నుంచి అమల్లోకొచ్చిన కొత్త చట్టం, అదే భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (బీఎన్ఎస్ఎస్) 173 సెక్షన్ ప్రకారం ఏ స్టేషన్‌లో అయినా, ఆన్‌లైన్‌లో అయినా ఫిర్యాదు ఇవ్వచ్చని. పోలీసులు మీ శాఖ కాదని నాకు తెలుసు. అయినా ఎందుకు చెప్తున్నానంటే, డూప్లికేట్, అంటే పోయిన లైసెన్స్ బదులు ఇచ్చే కార్డు కోసం ఏ కాగితమైనా చాలు అన్నట్టు ఉండబట్టే స్టేషన్‌లో దొంగతనం కాస్తా పోగొట్టుకోవడం అయిపోతోంది. రేపు ఆ కార్డు ఎవడన్నా గుర్తింపు కార్డుగా చూపించి ఏదన్నా చేస్తే, మా దగ్గరున్న కాగితం ప్రకారం మేమే ఎక్కడో పారేసుకున్నాం.

ఇక ఆన్‌లైన్ సంగతి. మీ శాఖ 2021 మార్చిలో 18 సర్వీసులు ఆధార్‌తో ఇంట్లో కూర్చునే చేసుకునేలా పెట్టింది, 2022 సెప్టెంబర్‌లో వాటిని 58 చేసింది, డూప్లికేట్ లైసెన్స్ అందులో ఉంది. నేను డిగ్రీ చదువుకున్నాను, లైసెన్సుల కోసం మీ శాఖ పెట్టిన సారథి వెబ్‌సైట్ తెరిచి ఫారం నింపడం నాకు కష్టం కాదు, చాలామందికి ఇది నిజంగా పని చేసింది కూడా, మా ఫ్రెండ్ వాళ్లన్నయ్యకి ఆఫీసు గుమ్మం తొక్కకుండానే ఇంటికొచ్చింది. కానీ ఆధార్ అనగానే ఓటీపీ కావాలి, ఓటీపీ ఫోన్‌కి రావాలి, ఆ ఫోన్ లైసెన్స్‌తో పాటే పోయింది. సరే సిమ్ తీసుకుందాం అని వెళ్తే గుర్తింపు కార్డు అడిగారు, ఆధార్ ఇంట్లో ఉండబట్టి సరిపోయింది, అది కూడా పర్సులో పెట్టుకుని తిరిగేవాళ్లు ఎంతమంది లేరు చెప్పండి. కొత్త సిమ్ వచ్చినా మొదటి ఇరవైనాలుగు గంటలు మెసేజ్‌లు రావన్నారు, మోసాలు ఆపడానికట, మంచిదే. ఇలా ఒకదాని కోసం ఇంకోటి, దాని కోసం మరోటి అని తిరిగేసరికే వారం గడిచింది.

తర్వాత లైసెన్స్ నంబర్ కావాలి. అన్ని అక్షరాలు, అంకెలు ఎవరికి గుర్తుంటాయి సార్? ఇల్లంతా వెతికితే నా పాత ఇంటర్ నోట్‌బుక్‌లో నాలుగు మడతలు పెట్టిన జిరాక్స్ ఒకటి దొరికింది. మడత సరిగ్గా నంబర్ మీదుగానే పోయింది, చివరి నుంచి రెండో అంకె మూడో ఎనిమిదో తెలియట్లేదు, నాన్న దాన్ని కిటికీ దగ్గర ఎండకి పట్టుకుని, కళ్లద్దాలు తీసి ఒకసారి పెట్టుకుని ఒకసారి చాలాసేపు చూశారు. రెండూ కొట్టి చూశాను. రెండిటికీ వివరాలు లేవు అనే వచ్చింది. ఆర్టీవో ఆఫీసుకి వెళ్తే అప్పుడు చెప్పారు, మీది పాత బుక్ లైసెన్స్ నుంచి కార్డుకి మారింది, రికార్డు ఆన్‌లైన్‌లో ఎక్కలేదు, మొదట ఎక్కడ తీశారో ఆ ఆఫీసులో బ్యాక్‌లాగ్ ఎంట్రీ, అంటే పాత రిజిస్టర్‌లోని వివరాలు ఆన్‌లైన్‌లో ఎక్కించడం, చేయించుకుని రండి అని. పోయిన నలభై ఒక్క రోజుల్లో ఇరవై రోజులకి పైగా ఆ ఒక్క ఎంట్రీకే పోయాయి. పాత రిజిస్టర్ తీసి చూడాలి, చూసే మనిషి ఒక్కరే, ఆయనకి వేరే పనులూ ఉంటాయి. నేను ఎవరినీ తిట్టడానికి ఇది రాయట్లేదు, బయట చెట్టు కింద ఏజెంట్ మాత్రం రెండ్రోజుల్లో చేయిస్తానన్నాడు, మా నాన్న వద్దన్నారు. ఇన్నేళ్లు లైన్‌లో నిలబడే చేసుకున్నాను, ఇప్పుడూ అలాగే అన్నారు. ఆ మాటకి నాకు గర్వంగానూ అనిపించింది, ఏడుపూ వచ్చింది, ఎందుకంటే ఆ పూట ఇంట్లో సరుకులు అప్పుకి తెచ్చుకున్నవి.

ఇప్పుడు అసలు విషయానికొస్తా సార్. ఈ తిరుగుడులో చట్టం చదువుతుంటే సెక్షన్ 206 కనపడింది. ఒక డ్రైవర్ మీద అనుమానం వచ్చి పోలీసు అతని లైసెన్స్ సీజ్ చేసి కోర్టుకి పంపాడనుకోండి, అతనికి తాత్కాలిక రసీదు ఇవ్వాలి, లైసెన్స్ తిరిగొచ్చేదాకా గానీ కోర్టు ఇంకోలా చెప్పేదాకా గానీ ఆ రసీదుతో అతను బండి నడుపుకోవచ్చు. చాలా మంచి సెక్షన్ అది. కార్డు చేతిలో లేనంత మాత్రాన మనిషి బతుకుదెరువు ఆగకూడదు అని 1988లోనే ఆలోచించి రాశారు. అదే ఆలోచన మా నాన్న దాకా ఎందుకు రాలేదు? ఏ తప్పూ చేయలేదు, ఆయన కార్డు పోలీసు తీసుకోలేదు, దొంగ తీసుకున్నాడు. పోలీసు తీసుకుంటే రసీదుతో బండి నడపొచ్చు, దొంగ తీసుకుంటే ఇంట్లో కూర్చోవాలి. ఇది కావాలని ఎవరూ పెట్టి ఉండరు, ఎవరికీ తట్టి ఉండదు, అందుకే మీకు రాస్తున్నా.

ఫోన్‌లోనే కార్డు చూపించే ప్రభుత్వ యాప్‌లు, డిజిలాకర్ ఉంది కదమ్మా, ఎంపరివాహన్ ఉంది కదమ్మా అంటారని తెలుసు. 2018లోనే మీ శాఖ చెప్పింది, ఫోన్‌లో చూపిస్తే అసలు కార్డుతో సమానమని. 2020 అక్టోబర్ 1 నుంచి అయితే వివరాలు ఆన్‌లైన్‌లో సరిచూసుకోగలిగితే కాగితాలు అడగక్కర్లేదని కూడా రూలు మార్చారు. ఇవి మా లాంటి పిల్లలకి బాగా ఉపయోగపడుతున్నాయి. కానీ రికార్డు ఆన్‌లైన్‌లో లేని మనిషికి డిజిలాకర్ ఖాళీయే, ఫోన్ పోయిన మనిషికి అసలు లాకరే లేదు, బటన్ ఫోన్ వాడే మనిషి సంగతి చెప్పక్కర్లేదు. మా నాన్న లాంటి పాత డ్రైవర్లలో ఈ ముగ్గురూ ఒకే మనిషి.

పాడైపోయిన కార్డుల వాళ్లది కూడా ఇదే భయం. మా బాబాయి కార్డు ఏళ్ల తరబడి వెనక జేబులో ఉండి ఉండి చెమటకి, వేడికి లామినేషన్ లేచిపోయి ఫొటోలో ముఖం తెల్లగా అయిపోయింది, పుట్టిన తేదీలో సంవత్సరం ఒక్కటే కనపడుతుంది. మార్చుకో బాబాయ్ అంటే, పాతది వాళ్లకిచ్చేసి కొత్తది వచ్చేదాకా ఏం పట్టుకుని తిరగను అంటాడు. చూశారా, మధ్యలో ఆ కొన్ని రోజులకి కాగితం లేకపోవడం వల్లే మనుషులు అరిగిపోయిన కార్డుతో తిరుగుతున్నారు, ఆపినప్పుడల్లా బతిమాలుకుంటున్నారు.

ఇంకొక సంగతి కూడా ఉంది, ఇది చిన్నదే కానీ నాకు రాత్రిళ్లు గుర్తొస్తుంది. నాన్న ఫోన్ పోయిందని పోయిన ఫోన్లు ఆపేయడానికి ప్రభుత్వం పెట్టిన సంచార్ సాథీ వెబ్‌సైట్‌లో సీఈఐఆర్ ద్వారా బ్లాక్ చేశాను. బ్యాంక్ కార్డు అయితే ఒక్క ఫోన్‌తో ఆగిపోయింది. లైసెన్స్‌కి అలాంటిది నాకు ఎక్కడా కనపడలేదు. డూప్లికేట్‌కి కూడా పాత నంబరే వస్తుంది, కాబట్టి దొంగ దగ్గరున్న కార్డూ మా నాన్న దగ్గరున్న కార్డూ చూడ్డానికి ఒక్కటే. పోయిన కార్డు అని కంప్లైంట్ నమోదవగానే సారథిలో ఆ పాత కార్డు మీద ఒక గుర్తు పడితే, ఎవరు స్కాన్ చేసినా ఇది పోయిన కార్డు అని తెలుస్తుంది కదా.

నేను అడిగేది పెద్ద పథకం కాదు సార్, బడ్జెట్ కూడా అక్కర్లేదు. డూప్లికేట్‌కి అప్లై చేసినప్పుడు ఎలాగూ ఒక అక్నాలెడ్జ్‌మెంట్ వస్తుంది. ఆన్‌లైన్‌లో చేసినా, ఆఫీసు కౌంటర్‌లో చేసినా. ఇప్పుడు దాని మీద అప్లికేషన్ నంబర్ ఉంటుంది, తేదీ ఉంటుంది. దానికే నడిపే హక్కు ఇవ్వండి, సెక్షన్ 206 రసీదుకి ఇచ్చినట్టే. క్యూఆర్ కోడ్ వేసి, మనిషి ఫొటో వేసి, ఏ ఏ బండ్లు నడపొచ్చో రాసి, కార్డు పోస్టులో వచ్చేదాకా చెల్లుతుంది అని 139వ రూల్‌లో ఒక్క వాక్యం చేర్చండి. రికార్డు ఆన్‌లైన్‌లో లేని పాతవాళ్లకి బ్యాక్‌లాగ్ ఎంట్రీ అయ్యేదాకా ఆగకుండా, పాత జిరాక్స్, ఆధార్, పోలీసు కాగితం చూసి కొద్ది రోజుల గడువుతో ఇవ్వండి, తర్వాత రిజిస్టర్‌లో అబద్ధం అని తేలితే కేసు పెట్టండి, అభ్యంతరం లేదు. ఆఫీసులు రాష్ట్రాల చేతిలో ఉండొచ్చు, రూలు మాత్రం మీ చేతిలోనే ఉంది, అది దేశమంతా ఒకేలా నడుస్తుంది, మా నాన్న సరుకు పక్క రాష్ట్రానికి తోలుకెళ్లినా అక్కడి వాళ్లు కూడా ఒప్పుకోవాలి.

కార్డు వచ్చింది సార్, పోస్ట్‌మ్యాన్ ఇచ్చిన కవర్ కత్తెరతో కాకుండా చేత్తో జాగ్రత్తగా విప్పారు నాన్న. మర్నాడు పొద్దున్నే ఓనర్ దగ్గరికి వెళ్లారు. ఆ బండి అప్పటికే ఇంకో కుర్రాడికి ఇచ్చేశాడు, అతనికీ ఇద్దరు పిల్లలు, తీసెయ్యమని నాన్న అడగలేకపోయారు. ఇప్పుడు రోజుకొక బండి మీద, ఎవరు రాకపోతే వాళ్ల బదులు వెళ్తున్నారు.

ఆ రసీదు మీద ఏం రాయాలో కూడా నేనే రాసి పంపిస్తున్నా, మీ వాళ్లు లీగల్ భాషలోకి మార్చుకుంటారు: "ఈయన లైసెన్స్ చెల్లుబాటులో ఉంది. కార్డు పోయినందువల్ల కొత్తది పంపుతున్నాం. అది అందేవరకు ఈ కాగితాన్నే లైసెన్స్‌గా చూడాలి, ఈయన్ని బండి నడపనివ్వాలి."

ఇట్లు,
ఒక ట్రాలీ ఆటో డ్రైవర్ కూతురు